ఊపిరిని నడిపే నాడులు

మానవుడు ఒక అహోరాత్రంలో 21,600 సార్లు ఊపిరి పీల్చి విడుస్తాడని మన యోగశాస్త్ర గ్రంథాలు చెబుతున్నవి. నిమిషానికి 15 చొప్పున లెక్కిస్తే సరిగా అంతే అవుతుంది. పెద్దవారు విశ్రాంతిగా ఉన్నప్పుడు నిమిషానికి 12 మొదలు 20 వరకు శ్వాసలు ఉంటవని నేటి వైద్యులు అంటున్నారు గనుక, పూర్వుల లెక్కకూ ఇప్పటి లెక్కకూ పెద్ద భేదం లేదు. ఇన్నివేల సార్లు జరిగే ఈ పనిని మనం తలచి చేయడం లేదు. నిద్రలో మన తలపు ఉండదు. ఊపిరి మాత్రం ఆగదు. అట్లని అది పూర్తిగా మన చేయి దాటిన పనీ కాదు. కావలెనంటే కొంతసేపు బిగబట్టగలం. గాయకుడు దానిని పొదుపుగా వాడుకొంటాడు. శంఖం పూరించేవాడు ఒక్కపెట్టున వెచ్చిస్తాడు. మన అధీనంలో ఉండీ లేనట్లుగా సాగే ఈ వ్యాపారాన్ని నడిపేది నాడీమండలం. ఆ నడక ఎక్కడెక్కడ చెడుతుంది, చెడినప్పుడు మనిషిని ఎట్లా నిలుపుకోవచ్చు అనే విషయాన్ని, నెల్లూరు తీరంలో మనకు ఎదురయ్యే ఉదాహరణలతోనే పరిశీలిద్దాం.

మొదట ఒక భేదాన్ని గుర్తించవలె. గుండెకు తన కొట్టుకొనే శక్తి తనలోనే ఉన్నది. నాడులు తెగిపోయినా అది కొట్టుకొంటూనే ఉంటుంది. శ్వాసకండరాలకు ఆ శక్తి లేదు. రొమ్ముకూ పొట్టకూ నడుమ గొడుగువలె పరచుకొని ఉన్న ఉదరవితానం అనే కండరమే శ్వాసలో ప్రధానమైన పనివాడు. ప్రక్కటెముకల నడుమనున్న కండరాలు దానికి తోడు. నాడి ద్వారా ఆజ్ఞ వస్తేనే ఇవి కదులుతవి, రాకపోతే కదలవు. అందుచేత ఊపిరి ఆగిపోయిన తరువాత కూడా గుండె కొన్ని నిమిషాలపాటు కొట్టుకొంటూ ఉండడం సంభవం. మన భాషలో ఊపిరి పోవడమన్నా, ప్రాణం పోవడమన్నా ఒకటే అర్థం. శరీరంలో మాత్రం అవి రెండూ వేరు వేరు సంఘటనలు. రెంటికీ నడుమ కొన్ని నిమిషాల వ్యవధి ఉన్నది. ఆ వ్యవధిలో మరొకరు ఊపిరి అందించగలిగితే ప్రాణం నిలుస్తుంది.

ఆజ్ఞ బయలుదేరే చోటు మెదడు అడుగుభాగంలో, వెన్నుపాముతో కలిసే తావున ఉన్న మజ్జాముఖం. 19వ శతాబ్ది ఆరంభంలోనే లెగల్వా అనే ఫ్రెంచి వైద్యుడు జంతువులలో మెదడును పై నుంచి క్రమంగా తొలగిస్తూ వచ్చి, ఈ చిన్న భాగం ఉన్నంతవరకు శ్వాస ఆగదనీ, అది పోతే వెంటనే ఆగుతుందనీ నిరూపించాడు. ఆ భాగంలోనూ శ్వాసకు లయ కల్పించే నాడీకణాల చిన్న గుంపు ఏదో 1991లో శాస్త్రజ్ఞులు గుర్తించగలిగారు.

ఈ కేంద్రం గుడ్డిగా తాళం వేసేది కాదు. రక్తంలో బొగ్గుపులుసు వాయువు ఏమాత్రం పెరిగినా కనిపెట్టి శ్వాసను త్వరపెడుతుంది. మెడలోని పెద్ద రక్తనాళాల చెంత మరికొన్ని కావలి కణాలున్నవి. అవి ప్రాణవాయువు తగ్గుదలను కనిపెట్టి మెదడుకు వార్త పంపుతవి. ఈ కావలి మర్మాన్ని విప్పినందుకే బెల్జియం దేశీయుడైన హైమన్స్‌కు 1938వ సంవత్సరపు నోబెల్ బహుమానం లభించింది. కాలువలలో, బావులలో ఈదే పిల్లలు ఎవరు ఎక్కువసేపు మునిగి ఉంటారని పందెం వేసుకొని, మునిగే ముందు గబగబ ఊపిరితీయడం మనం చూస్తూ ఉంటాం. అట్లా చేస్తే బొగ్గుపులుసు వాయువు మరీ తగ్గిపోతుంది. ఊపిరికై తొందరపెట్టే హెచ్చరిక ఆలస్యమవుతుంది. ఈలోగా ప్రాణవాయువు అయిపోయి పిల్లవాడు నీటిలోనే స్పృహ కోల్పోతాడు. పిల్లలున్న ఇళ్లవారు ఈ సంగతి తెలుసుకొని ఉండడం మంచిది. నల్లమందు జాతి మందులు, నిద్రమాత్రలు మోతాదు మించితే ఈ కేంద్రమే మందగిస్తుంది. మెదడులో రక్తనాళం చిట్లినా, వాపు కలిగినా దాని లయ తప్పుతుంది.

కేంద్రం నుంచి ఆజ్ఞ వెన్నుపాము వెంట దిగుతుంది. ఉదరవితానానికి పోయే నాడి మెడలోని మూడవ, నాలుగవ, ఐదవ వెన్నునాడుల నుంచి పుడుతుంది. పొట్టకు ఎగువనుండే కండరానికి నాడి మెడలో పుట్టడం వింతగా తోచవచ్చు గాని, దీని ఫలితం చాల గొప్పది. తాటిచెట్టునుంచో కొబ్బరిచెట్టునుంచో జారిపడినవాని మెడ ఎముక విరిగి వెన్నుపాము నలిగినదనుకొందాం. దెబ్బ మెడ దిగువన తగిలితే కాళ్లు పడిపోవచ్చు, చేతుల పట్టు పోవచ్చు, ప్రక్కటెముకల కదలిక పోవచ్చు. అయినా ఉదరవితానం ఒక్కటే ఊపిరిని కొనసాగిస్తుంది. దెబ్బ అంతకు పైన తగిలితే శ్వాస అక్కడికక్కడే నిలిచిపోతుంది. అట్లా పడినవానిని నలుగురూ చేతులూ కాళ్లూ పట్టుకొని ఎత్తడం వలన మెడ వంగి, దిగువనున్న దెబ్బ పైకి ప్రాకే ప్రమాదమున్నది. మెడ కదలకుండా, చదునైన పలకమీదనో తలుపు రెక్కమీదనో చేర్చి తీసుకొనిపోవలె.

పిల్లల పక్షవాతమని మన పెద్దలు భయపడిన పోలియో, వెన్నుపాములోని ఈ నాడీకణాలనే చంపేది. భారతదేశంలో సహజమైన పోలియో వైరసు వలన కలిగిన చివరి కేసు 2011 జనవరిలో నమోదైనది. 2014 మార్చిలో మన ప్రాంతం పోలియో లేనిదని ప్రకటన జరిగింది. అది పోయినా, కాళ్లనుంచి పైకి ప్రాకుతూ కొద్దిదినాలలో రొమ్మువరకు వచ్చే గిలాన్-బారే వ్యాధి అన్ని దేశాలలోనూ ఉన్నది. దానిలో చెడేది నాడికి పైతొడుగు. కొన్ని వారాలు శ్వాసను యంత్రంతో నిలబెట్టగలిగితే నాడి బాగుపడి, రోగులలో ఎక్కువమంది కోలుకొంటారు.

ఇక నాడి చివర కండరాన్ని తాకే తావుకు వద్దాం. మన తీరప్రాంతంవారికి ఎక్కువ అక్కరకు వచ్చే ఘట్టం ఇదే.

మైపాడు, కృష్ణపట్నం మొదలుకొని దక్షిణాన పులికాట్ సరస్సు వరకు మన తీరం స్వరూపం అందరికీ తెలిసినదే. ఇసుకదిబ్బలు, సరుగుడు తోపులు, ఉప్పుమళ్లు, వెనుక వరిపొలాలు. పొలంలో ఎలుకలు, ఎలుకల వెంట పాములు. గట్లమీద ఎలుక కన్నాలు త్రవ్వి రైతు పంటను కాపాడే యానాదులు, రాత్రివేళ నీరు కట్టే కూలీలు, పాకలలో నేలమీద చాప పరచుకొని పడుకొనే కుటుంబాలు, అందరూ ఈ పాములకు దగ్గరగానే బ్రతుకుతున్నారు. వీటిలో కట్లపాము తీరు వేరు. నల్లగా నిగనిగలాడుతూ, ఒంటిమీద సన్నని తెల్లని కట్లు ఉన్న ఈ పాము పగలు మెత్తగా, మందంగా ఉంటుంది. రాత్రి సంచరిస్తుంది. నేలపై నిద్రించేవారి ప్రక్కలోనికి వచ్చి, వారు ఒత్తిగిలినప్పుడు కరుస్తుంది. కాటు నొప్పి పెట్టదు, వాపు రాదు, గుర్తు కూడా కంటికి ఆనదు. చాలమంది నిద్ర లేవనే లేవరు. తెల్లవారుజామున కడుపునొప్పి అంటారు, వాంతి అంటారు. తరువాత కనురెప్పలు వాలుతవి; ఒక వస్తువు రెండుగా కనిపిస్తుంది; మాట ముద్దగా వస్తుంది; ఉమ్మి మింగుడుపడదు; మెడ నిలువదు. చివరకు శ్వాస. రాత్రి బాగా పడుకొన్నవాడు ఉదయానికి ఇట్లా అయితే, గాలి సోకినదనో, తిన్నది వికటించినదనో అనుకోవడం సహజం. అందుచేతనే ఈ లక్షణాలను జ్ఞాపకం ఉంచుకోవలసిందిగా కోరుతున్నాను.

లోపల జరిగేది ఇది. నాడి చివర చిన్న చిన్న సంచులలో అసిటైల్‌కోలీన్ అనే రసాయనం నిలువ ఉంటుంది. ఆజ్ఞ రాగానే ఆ సంచులు విచ్చుకొని రసాయనం వెలువడి, కండరంమీద ఉన్న గ్రాహకాలను తాళంచెవివలె తెరుస్తుంది. అప్పుడు కండరం ముడుచుకొంటుంది. నాగుపాము విషం ప్రధానంగా ఆ తాళపు రంధ్రాలను మూసివేస్తుంది. అసలు చెవి దూరడానికి వీలుండదు. కట్లపాము విషం అంతటితో ఊరుకోదు. అది నాడి చివరనున్న నిలువలనే పాడుచేస్తుంది. కనుక నాగుపాము కాటులో విరుగుడు మందుకు తోడు నియోస్టిగ్మిన్ అనే సూదిమందు అసిటైల్‌కోలీన్‌ను ఎక్కువకాలం నిలిపి కొంత మేలు చేస్తుంది. కట్లపాము కాటులో దానివలన ప్రయోజనం అంతగా కనబడదు. విరుగుడు మందు రక్తంలో ఇంకా తిరుగుతున్న విషాన్ని పట్టుకోగలదే గాని, పాడైపోయిన నాడి కొసను తిరిగి కట్టలేదు. ఆ పని శరీరమే చేసుకోవలె. దానికి కొన్ని దినాలు పడుతుంది. అన్ని దినాలూ ఊపిరిని యంత్రం నడిపితే మనిషి లేచి నడిచి ఇంటికి వస్తాడు. నడపకపోతే కొద్ది గంటలలో పోతాడు. విషం అతని గుండెను గాని మెదడును గాని తినివేసినందువలన పోవడం లేదు. ఊపిరి అందక పోతున్నాడు.

ఇక్కడ తెలుగువారు ముచ్చటించుకోదగిన విశేషం ఒకటి ఉన్నది. 18వ శతాబ్ది చివర పాట్రిక్ రసెల్ అనే స్కాట్లండు వైద్యుడు విశాఖపట్నంలో ఉంటూ ఈ తీరపు పాములను సేకరించి, వాటి స్థానికనామాలతో సహా 1796లో గ్రంథం ప్రకటించాడు. పసుపు, నలుపు పట్టీలుగల ఒక పామును ఇక్కడివారు బంగారు పాము అని పిలుస్తారని వ్రాశాడు. ఆ మాటనుబట్టే కట్లపాముల జాతికంతటికీ శాస్త్రంలో బంగారస్ అని పేరు స్థిరపడింది. 1963లో తైవాన్ దేశంలో చాంగ్, లీ అనే శాస్త్రజ్ఞులు అక్కడి కట్లపాము విషంనుంచి బంగారోటాక్సిన్ అనే పదార్థాలను వేరుచేశారు. వాటిలో ఒకటి కండరంమీది గ్రాహకాలను మాత్రమే గట్టిగా అంటిపెట్టుకొంటుంది గనుక, వాటిని వెదికి పట్టడానికి అది సాధనమైనది. మయస్థీనియా అనే వ్యాధిలో సాయంత్రమయ్యేసరికి రెప్పలు వాలి, కొందరికి ఊపిరి కూడా ఎందుకు చాలకుండా పోతుందో, ఆ గ్రాహకాల సంఖ్య తగ్గడమే దానికి కారణమని 1973లో తేల్చడానికి ఈ విషమే తోడ్పడింది. మన జాలరులూ రైతులూ పలికిన ఒక తెలుగు మాట నేడు ప్రపంచమంతటా నాడీశాస్త్ర ప్రయోగశాలలలో వినబడుతున్నది.

సముద్రపు పాముల విషం కూడా ఈ తరగతిలోనిదే. దానికి తోడు కండరాలనే దెబ్బతీస్తుంది. వలలో చేపలతోపాటు పైకి వచ్చిన పామును చేతితో తీసి పారవేయడం పట్టపువారికి మామూలు. కాటు నొప్పి లేకపోయినా, తరువాత ఒళ్లు నొప్పులు, మూత్రం నల్లబడడం, రెప్పలు వాలడం కనిపిస్తే అలక్ష్యం చేయరాదు. మన దేశంలో తయారయ్యే విరుగుడు మందు నాగుపాము, కట్లపాము, రక్తపింజర, చిన్నపింజర అనే నాలుగింటికి మాత్రమే ఉద్దేశించినది. సముద్రపు పాముకు అది పనిచేయదు. కనుక అక్కడ ఊపిరికి ఆసరా, మూత్రపిండాలకు కాపు, ఇవే చికిత్స.

గొలుసులో చివరి లంకె రొమ్ముగూడు. కొలిమితిత్తి ఎంత మంచిదైనా, దాని పలకలు బిగుసుకొనిపోతే గాలి ఆడదు. ఫ్లోరిన్ నీటివలన మనుష్యులకు కలిగే ఈ జబ్బును గురించి 1937లో షార్ట్, పండిట్, రాఘవాచారి అనే ముగ్గురు ప్రకటించిన పరిశోధన నెల్లూరు జిల్లాకు సంబంధించినదే. ఆ మెట్టప్రాంతంలో చాలభాగం 1970లో ఏర్పడిన ప్రకాశం జిల్లాలో చేరినది. ఏళ్ల తరబడి ఆ నీరు త్రాగినవారి వెన్ను కర్రవలె బిగుస్తుంది. ప్రక్కటెముకలు వెన్నుతో అతుక్కొని రొమ్ము విప్పారడం మానుతుంది. మనిషి కేవలం పొట్టతోనే ఊపిరి పీలుస్తాడు. పెరిగిన ఎముక వెన్నుపామును నొక్కితే కాళ్లు కూడా పడిపోతవి. ఈ వ్యాధికి మందుకన్న మంచినీరే ముఖ్యం.

ఇప్పుడు ఇంటివారు కనిపెట్టవలసిన గుర్తులను చెబుతాను. ఉబ్బసంవాడు ఆయాసపడతాడు, రొప్పుతాడు. చూచినవారికి వెంటనే తెలుస్తుంది. నాడులు, కండరాలు చచ్చుబడినవాడు అట్లా రొప్పలేడు. రొప్పడానికీ కండరాలే కావలె గదా! అతడు నిశ్శబ్దంగా, నెమ్మదిగా పడుకొన్నట్లే ఉంటాడు. అదే మోసం. అతనిని నిండుగా ఊపిరి పీల్చుకొమ్మని, మరల పీల్చకుండా ఒకటి, రెండు, మూడు అని పైకి లెక్కపెట్టమనండి. ఆరోగ్యవంతుడు సుమారు 50 వరకు పోగలడు. ప్రతి అరగంటకూ ఈ లెక్క తగ్గుతూ వస్తే, 20కి దిగువకు వస్తే, ఊపిరి ప్రమాదంలో పడినదని నిశ్చయించుకోవలె. దగ్గు బలహీనమైనా, దిండు మీదనుంచి తల ఎత్తలేకపోయినా అదే అర్థం.

కరోనా కాలంనుంచి వ్రేలికి తగిలించి ప్రాణవాయువు శాతం చూచే చిన్న పరికరం చాల ఇళ్లకు వచ్చినది. దానిలో అంకె బాగున్నదని ఈ రోగి విషయంలో నిశ్చింతగా ఉండరాదు. శ్వాస చాలనప్పుడు మొదట పోగుపడేది బొగ్గుపులుసు వాయువు. దానిని ఆ పరికరం చూపదు. ముక్కుకు ప్రాణవాయువు గొట్టం పెట్టడం వేరు, ఊపిరి ఆడించడం వేరు.

ఈ భేదాన్ని ప్రపంచానికి నేర్పినది 1952లో డెన్మార్కు రాజధాని కోపెన్‌హాగెన్‌లో వచ్చిన పోలియో. బ్లెగ్‌డాం ఆసుపత్రిలో మొదటి దినాలలో శ్వాస పడిపోయిన 31 మందిలో 27 మంది మరణించారు. బొగ్గుపులుసు వాయువు పోగుపడడమే కారణమని ఇబ్సెన్ అనే మత్తువైద్యుడు గ్రహించి, 12 ఏండ్ల బాలికకు గొంతులో గొట్టం అమర్చి, రబ్బరు సంచిని చేతితో నొక్కుతూ ఊపిరి ఆడించి బ్రతికించాడు. యంత్రాలు చాలవు గనుక, సుమారు 1,500 మంది వైద్యవిద్యార్థులు వంతులవారీగా రేయింబవళ్లు రోగుల ప్రక్కన కూర్చొని సంచులు నొక్కారు. మరణాలు ఎంతో తగ్గినవి. నేటి శ్వాసయంత్రాల వార్డులన్నీ ఆ విద్యార్థుల చేతులనుంచి పుట్టినవే. అట్టి సంచి మన 108 వాహనాలలో కూడా ఉంటుంది. పల్లెనుంచి పెద్దాసుపత్రి చేరేవరకు దారిలో ఆ సంచి నొక్కే చేయి ఆగకపోతే, కట్లపాము కరచినవాడు బ్రతుకుతాడు.

కాబట్టి పాము కరచినదని అనుమానం కలిగితే కట్టు బిగించకండి, కోయకండి, నోటితో పీల్చకండి. కరచిన అవయవాన్ని కర్రబద్దతో కదలకుండా కట్టి, 108కి ఫోను చేయండి. మంత్రానికీ, పసరుకూ పోయే గంట ఊపిరి ఖాతాలోనుంచి పోతున్నదని తెలుసుకోండి. మింగలేనివానికి నీరైనా పోయరాదు. ఎడమప్రక్కకు ఒత్తిగిలజేసి పడుకోబెడితే ఉమ్మి గొంతుకు అడ్డుపడదు. దారిలో శ్వాస నిలిచిపోతే నోటిలో నోరుపెట్టి ఊదైనా సరే ఆసుపత్రి వరకు నిలపండి. ఇంటిలో మంచంమీద పడుకోవడం, దోమతెర అంచులను పరుపు క్రిందికి చెక్కడం ఇవన్నీ అవసరం లేకుండా చేసే ఉపాయాలు.

మరొక్క మాట. కట్లపాము విషం పూర్తిగా ఎక్కినవాని కనుపాపలు విప్పారి, వెలుతురుకు చలించక, చూచినవారికి చనిపోయినవానివలెనే తోచవచ్చు. కాని అతనికి స్పృహ ఉండవచ్చు. రెప్ప కదపలేడు, వ్రేలు ఎత్తలేడు. మన మాటలన్నీ వింటూ ఉండవచ్చు. అందుచేత అతని ప్రక్కన ఏడ్పులు మాని, పేరుపెట్టి పిలిచి, వైద్యం జరుగుతున్నదనీ, కొద్దిదినాలలో చేతులూ కాళ్లూ తిరిగి వస్తవనీ చెవిదగ్గర చెప్పండి. వైద్యుడు కాదనేవరకు ఎవరూ అతనిపై ఆశ వదలుకోరాదు.